ఒక్క ఇంజనుకీ పొగ లేదు

బిలాస్‌పూర్ నుంచి మా తమ్ముడు సింహాచలం ఫోన్ చేసి ఏడ్చాడు. పెద్దయ్యాక వాడు ఏడవగా నేను వినలేదు. నాన్న పోయిన రోజున కూడా వచ్చినవాళ్లకి మంచినీళ్లిస్తూ, బండి మాట్లాడుతూ తిరిగాడే గాని కంట తడి పెట్టలేదు. అలాంటివాడు ఫోనులో ముక్కు చీదుకుంటూ, "ఒక్కసారి రా అప్పా. దీనికి నేను సెప్తే ఇనడం నేదు. నువ్వు సెప్తే ఇంటాది" అన్నాడు. మా శ్రీకాకుళం వైపు అక్కని అప్ప అంటారు. తాతలనాడు ఊరొదిలి రైల్వే పనికి బిలాస్‌పూర్ వచ్చేసిన మా ఇళ్లలో ఆ పిలుపు ఇంకా పోలేదు. వాడు "దీనికి" అన్నది వాడి కూతురు శ్వేత గురించి.

శ్వేత ఊళ్లోనే ఒక చిన్న వార్తల ఛానల్‌లో పని చేస్తోంది. టీవీలో వచ్చేది కాదు, ఫోనుల్లో చూసేది. తిఫ్రా దాటాక ఉన్న ఒక ఫ్యాక్టరీలో కొలిమి దగ్గర ఒక కూలీకి ఒళ్లు కాలింది. అతనసలు తమ దగ్గర పనే చెయ్యలేదన్నారు ఫ్యాక్టరీ వాళ్లు. శ్వేత వెళ్లి అతని భార్యతో మాట్లాడి ఆ వీడియో పెట్టింది. మర్నాటి నుంచి దయాల్‌బంద్‌లోని మా తమ్ముడి ఇంటికి ఎదురుగా ఇద్దరు మనుషులు మోటార్‌సైకిల్ ఆపుకుని కూర్చోవడం మొదలుపెట్టారు. ఏమీ అనరు. పాన్ నములుతూ గేటు వైపు చూస్తారు. శ్వేత స్కూటర్ తీస్తే వాళ్లూ బండి తీస్తారు. "మానీమని సెప్పు అప్పా. బ్యాంకు పరీక్షలు రాసుకోమను. నీ మాటంటే దానికి గురి" అన్నాడు తమ్ముడు.

ఢిల్లీలో రైలెక్కాను. దారి పొడుగునా నా అరచేతులు చల్లగానే ఉన్నాయి. నా జీవితమంతా వార్తల్లోనే గడిచింది. మొదట రాయ్‌పూర్‌లో రేడియో, తర్వాత ఢిల్లీలో టెలివిజన్. నా అసలు పేరు అప్పలనరసమ్మ. ఈ పేరు చెప్పేలోగా బులెటిన్ అయిపోతుందని నవ్వి, మొదటి ప్రొడ్యూసర్ నన్ను అపర్ణని చేశాడు. ఆ అపర్ణ ధైర్యం గల మనిషని చూసినవాళ్లందరూ అనుకున్నారు. అల్లర్లు జరిగిన వీధుల్లో నిలబడీ, వరద నీళ్లలో మోకాళ్ల లోతున దిగీ మాట్లాడిన మనిషి గురించి అలా అనుకోవడంలో తప్పేమీ లేదు. మా తమ్ముడూ అదే అనుకుంటాడు. నిజం వేరు. భయపడకుండా నేను ఒక్క వార్త కూడా చదవలేదు. ఆ భయం ఉద్యోగంలో పట్టుకున్నది కాదు. బిలాస్‌పూర్ రైల్వే కాలనీలో, నేను ఇంకా పరికిణీలు కట్టుకునే వయసులో, ఒక ఎండాకాలంలో పట్టుకుంది. రైలు దిగేసరికి నా కళ్ల ముందు ఉన్నది శ్వేత కాదు, ఆ ఎండాకాలం.

నాన్న గూడ్సు డ్రైవరు. అప్పటికింకా బొగ్గు ఇంజన్లే. డ్యూటీ దిగి వచ్చేసరికి ఆయన కనురెప్పల అంచుల్లో మసి కాటుకలా పేరుకుని ఉండేది. ఎంత తోమినా అది పోయేది కాదు. ఆయన ఒంటిమీద బొగ్గూ నూనే చెమటా కలిసిన వాసన ముందు ఇంట్లోకి వచ్చేది, ఆయన వెనక వచ్చేవాడు. మాది ఒక గది, ఒక వంటిల్లు, వెనకాల గోడ కట్టిన చిన్న దొడ్డి ఉన్న క్వార్టర్. అమ్మ ఏనాడూ గడియారం చూసేది కాదు. మాకు గడియారం లేదు కూడా. యార్డులో ఇంజన్ల కూతల్ని బట్టే పొయ్యి మీద ఎసరు పెట్టేది. ఏ కూత ఏ బండిదో ఆవిడకి తెలుసు. పొద్దున్నే చోడి అంబలి, అంటే రాగంబలి; మధ్యాహ్నం అన్నం, పులుసు, ఉంటే ఎండుచేప. ఎండుచేప కాలినప్పుడు పక్క క్వార్టర్లో ఉన్న ఛత్తీస్‌గఢీ ఆవిడ ముక్కు మూసుకుని నవ్వేది. ఆవిడ తినే బాసీ, అంటే రాత్రి నీళ్లు పోసి ఉంచిన అన్నం, మా చద్దన్నం లాంటిదే కాబట్టి అమ్మా ఆవిడా ఒకరి గిన్నెలోంచి ఒకరు మార్చుకునేవాళ్లు. వ్యాగన్లు ఒకదానికొకటి తగులుకునే చప్పుడు రాత్రంతా వినబడేది. మాకు అదే జోలపాట. చుట్టాలొస్తే నిద్ర పట్టేది కాదు. మాకు మాత్రం ఊరెళ్తే, ఆ చప్పుడు లేక నిద్ర పట్టేది కాదు.

ఆ ఇంటికి పెద్ద నాయనమ్మ. మా వైపు ఆడవాళ్లు అడ్డపొగ తాగుతారు. చుట్ట వెలిగించి, నిప్పున్న కొసని నోట్లో పెట్టుకుంటారు. చూసేవాళ్లకి ఒళ్లు జలదరిస్తుంది. నాయనమ్మ ఆ నిప్పుని నోట్లో ఉంచుకునే మాట్లాడేది, తిట్టేది, బియ్యంలో రాళ్లేరేది. ఆవిడకి హిందీ రాదు. అమ్మకి బజారు హిందీ మాత్రం వచ్చు. నాన్నకి రేడియో పిచ్చి. ఆయన కొన్న రేడియోకి తోలు తొడుగుండేది. సాయంత్రం వార్తల వేళకి దాన్ని వీధి అరుగు మీద పెట్టేవాడు. వార్తల్లో వచ్చే హిందీ మా పెద్దవాళ్లెవరికీ సరిగా అర్థమయ్యేది కాదు. స్కూల్లో ఆ భాషలోనే చదువుకునేదాన్ని గనక, వాక్యం వాక్యం తెలుగులో చెప్పడం నా పని. అలా వినడానికి వచ్చేవాళ్లలో సూరమ్మ పెద్దమ్మ ఒకావిడ. మూడో క్వార్టర్ వాళ్లది. పెదనాన్న కూడా నాన్నలాగే డ్రైవరు. ఎక్కడో వరదలొచ్చాయని రేడియో అంటే, నేను "పాపం బోలెడుమంది కొట్టుకుపోయారంట" అని చేర్చేదాన్ని. నాయనమ్మ చుట్ట తీసి చేత్తో ఆపేది. "ఒలే, ఆడన్నదే సెప్పు. నువ్వు కలపకు. ఏడుపొత్తే మేం ఏడుత్తాం."

ఆ ఎండాకాలం రైల్వేలో సమ్మె మొదలైంది. మా ఊళ్లోనే కాదు, దేశమంతా. పెద్ద పెద్ద కారణాలు నాకు తెలియవు. తెలిసిందల్లా ఒకటే. యార్డు ఆగిపోయింది. పొద్దున్న లేచేసరికి కూత లేదు, వ్యాగన్ల చప్పుడు లేదు. అమ్మ పొయ్యి దగ్గర అగ్గిపెట్టె పట్టుకుని ఎప్పుడు వెలిగించాలో తెలియక నిలబడిపోయింది. నేను మొట్టమొదట భయపడింది ఆ నిశ్శబ్దానికి. డ్రైవర్లని ఇళ్లలోంచి లాక్కుపోయి, పక్కన తుపాకీ పట్టుకున్న మనిషిని నిలబెట్టి ఇంజన్ ఎక్కిస్తున్నారని కాలనీలో చెప్పుకున్నారు. అందుకని డ్రైవర్లందరూ ఇళ్లొదిలేశారు. నాన్నా, సూరమ్మ పెద్దమ్మ వాళ్లాయనా మస్తూరీ దగ్గర ఒక పల్లెకి వెళ్లిపోయారు. మా కాలనీకి కూరగాయలు తెచ్చే రైతుది ఆ ఊరు. వాళ్ల గడ్డివాము వెనక పాకలో ఉన్నారు. వెళ్లేముందు నాన్న నన్ను వంటింట్లోకి పిలిచి, నా ఎత్తుకి వంగి, "ఎవులడిగినా, ఏటడిగినా, తెల్దు అను. ఇంకో మాట ఒద్దు" అన్నాడు. ఆయన గొంతు వణికింది. ఇంజన్‌ని తోలే మనిషి గొంతు వణకడం నేను అదే మొదటిసారి వినడం.

నాన్న లేకపోయినా సాయంత్రం రేడియో పెట్టడం మానలేదు. అరుగు మీద కాదు, తలుపులు వేసుకుని గదిలో. ఒకరోజు వార్తల్లో, సమ్మె విఫలమైందనీ, రైళ్లు మామూలుగా నడుస్తున్నాయనీ, ఉద్యోగులు గుంపులు గుంపులుగా పనిలోకి తిరిగి వస్తున్నారనీ చెప్పారు. ఒక్క మాట కలపకుండా చెప్పాను.  వెంటనే వెళ్లి డ్యూటీలో చేరినవాళ్లని ఏమీ అనరనీ, చేరనివాళ్ల ఉద్యోగమూ క్వార్టరూ పోతాయనీ అప్పటికే కాలనీ అంతా గుసగుసగా ఉంది. కబురంపాలంటే పొద్దున్న కూరగాయల రైతు వచ్చినప్పుడే అంపాలి.

"అందరూ ఎల్లిపోయి మనోల్లిద్దరే మిగిలిపోతేనో?" అంది సూరమ్మ పెద్దమ్మ. ఆవిడ చేతిలో చెంగు నలిగి తాడైపోయింది.

"మరి యార్డులో సప్పుడు నేదు కదా" అంది అమ్మ.

"ఈ యార్డు ఒగ్గీసి టేసన్లో నడుపుతన్నారేమో. మనకేటి తెలుస్తాది?"

నాయనమ్మ రేడియో కట్టేసింది. తర్వాత అంది: "ఆ సెప్పేవోడు ఢిల్లీలో కూకుని సెప్తన్నాడు. యార్డు మనింటెనకాల ఉంది. ఓవర్‌బ్రిడ్జెక్కితే టేసనూ కనిపిస్తాది, యార్డూ కనిపిస్తాది. ఎల్లి సూడరాదేటి?" పెద్దవాళ్లు వెళ్లడానికి లేదు. వంతెన మెట్ల దగ్గర పోలీసులున్నారు. ఆడవాళ్లని ఆపి మొగుడెక్కడని అడుగుతున్నారు. అందరి కళ్లూ నా మీద పడ్డాయి. అమ్మ "ఒద్దు" అంది. ఆ మాట ఆవిడ గొంతులోంచి సగమే వచ్చింది.

మర్నాడు రైతు రాలేదు. ఎండ నెత్తికెక్కాక, కాలిన బొగ్గు ఏరుకునే పిల్లలా ఒక తట్ట పట్టుకుని బయల్దేరాను. కాలనీ పిల్లలందరమూ అలా ఏరుకునేవాళ్లమే కాబట్టి మెట్ల దగ్గర ఎవరూ ఆపలేదు. ఇనప మెట్లు చెప్పుల్లోంచి కాలుతున్నాయి. మధ్యకి వెళ్లి ఊచల్లోంచి చూశాను. ఎన్నడూ చూడని ఊరు చూస్తున్నట్టుంది. పట్టాల మధ్య కుక్క పడుకుని ఉంది. షెడ్డు ముందు ఇంజన్లు వరసగా, చల్లగా, నల్లగా నిలబడి ఉన్నాయి. ఒక ఇంజను గొట్టం మీద పావురాలు వాలి ఉన్నాయి. మామూలు రోజుల్లో అక్కడ వాలితే కాళ్లు కాలిపోతాయి. స్టేషన్ వైపు తిరిగి చూశాను. సిగ్నల్ చేతులన్నీ అడ్డంగానే ఉన్నాయి. అడ్డంగా ఉంటే బండికి దారి లేనట్టు. ప్లాట్‌ఫారం మీద మనుషులున్నారు గాని, చాపలేసుకుని పడుకుని ఉన్నారు. ఎప్పుడు రావాల్సిన బండి కోసం వచ్చారో పాపం. ఎంత దూరం చూసినా ఆకాశంలో పొగ లేదు. నేనలా చూస్తూ ఉండిపోయాను. ఎవరికోసం చూస్తున్నానో, నా మాట మీద ఏమేం ఆధారపడి ఉన్నాయో నాకు తెలుసు. అందుకని ఒకసారి చూసింది మళ్లీ చూశాను. ఆ రెండోసారి చూడడమే నా ప్రాణం మీదికి తెచ్చింది.

వెనకనుంచి ఎవరో నా జబ్బ పట్టుకున్నారు. ఖాకీ బట్టలు. మీసంలో చెమట. "ఎవరి పిల్లవి? మీ నాన్నేం చేస్తాడు? ఎక్కడున్నాడు?" హిందీలో అడిగాడు. తెల్దు అనాలి. ఆ మాట నాన్న నాకిచ్చి వెళ్లాడు. నోరు తెరిచాను. ఏమీ రాలేదు. గాలి కూడా రాలేదు. అతను జబ్బ ఇంకా గట్టిగా పట్టుకుని ఊపాడు. నా కాళ్ల వెంబడి వెచ్చగా కారి ఇనప పలక మీద పడింది. అది చూసి అతను ఒక అడుగు వెనక్కి వేశాడు. రెండో పోలీసు దూరం నుంచే, "ఛోడ్ యార్, గూంగీ హై" అన్నాడు. వదిలెయ్, మూగది. అతను చెయ్యి వదిలాడు. తట్ట అక్కడే పడేసి మెట్లు ఎలా దిగానో నాకు గుర్తు లేదు.

ఇంటికొచ్చాక నా గొంతు రాలేదు. అమ్మ మంచినీళ్లిచ్చింది, వీపు రుద్దింది, ఏడ్చింది. సూరమ్మ పెద్దమ్మ నా ముందు కూర్చుని "ఏటి సూసావు తల్లీ, సెప్పు తల్లీ, నడుస్తన్నాయా, నేదా?" అని గడ్డం పట్టుకుని అడుగుతోంది. చెప్పాలని ఉంది. నాలుక కదులుతోంది గాని గొంతు లేదు. నిజంగానే మూగదాన్ని అయిపోయానేమో అనుకున్నాను. నాయనమ్మ నోట్లో చుట్ట తీసి అవతల పారేసింది. నా తడిబట్టలు విప్పి, తన పాత చీరలో చుట్టి ఒళ్లో పడుకోబెట్టుకుంది. "ఒగ్గీయండి దాన్ని. మాటెక్కడికీ పోదు. దాని బయం దిగినాక అదే ఒత్తాది" అంది. ఆ చీర పొగాకు వాసన నాకిప్పటికీ ముక్కులో ఉంది. ఇన్నేళ్లు ఎన్నో స్టూడియోల్లో, ఎన్నో సెంట్ల వాసనల మధ్య కూర్చున్నాను. ధైర్యం అన్నదానికి వాసనంటూ ఉంటే అది పొగాకు వాసనేనని నాకనిపిస్తుంది.

దీపాలు పెట్టే వేళకి గొంతు వచ్చింది. నాది కానట్టు, బొంగురుగా. "ఒక్క ఇంజనుకీ పొగ లేదు" అన్నాను.

"టేసన్లోనో?" అంది పెద్దమ్మ.

"అక్కడా లేదు. సిగ్నల్ చేతులన్నీ అడ్డంగానే ఉన్నాయి."

నాయనమ్మ నా మొహం తన వైపు తిప్పుకుంది. "నువ్వు సూసిందేనా, అనుకున్నదా?"

"చూసిందే. రెండుసార్లు చూశాను."

పొద్దున్న రైతు వచ్చాడు. నాన్ననీ పెదనాన్ననీ రావద్దని అమ్మా పెద్దమ్మా కబురంపారు. ఆ వీధిలో ఇంకొందరు ఆడవాళ్లు కూడా మా ఇంటికొచ్చి అడిగి, విని, వాళ్లూ అదే కబురు పంపారు. రేడియో మాట నమ్మినవాళ్లు తమవాళ్లని పిలిపించుకున్నారు.

తర్వాత పోలీసులు మా ఇంటికి వచ్చారు. పట్టపగలు, అమ్మ అంబలి కాస్తుండగా. సామాన్లు వీధిలోకి విసిరారు. నులకమంచం, బిందెలు, రేడియో, నాన్న డ్యూటీ పెట్టె. అంబలి కుండ దొర్లి గుమ్మంలో పారింది. నాయనమ్మ చాప మీంచి లేవనంటే చాపతో సహా ఎత్తి బయట పెట్టారు. తలుపుకి తాళం వేసి వెళ్లిపోయారు. సింహాచలం అప్పటికి చంటివాడు. అమ్మ వాణ్ని ఎత్తుకుని ఎండలో నిలబడి ఎటు చూడాలో తెలియక తాళం వైపే చూస్తోంది. పక్క క్వార్టర్ ఛత్తీస్‌గఢీ ఆవిడ పరిగెత్తుకొచ్చి, "కా హోగే నోనీ?" అంటూ, ఏమైందమ్మా అంటూ, మమ్మల్ని తన వరండాలోకి తీసుకుపోయింది. ఆవిడ భర్తా రైల్వేలోనే. మమ్మల్ని ఉంచుకుంటే వాళ్ల ఇంటికీ తాళం పడొచ్చు. ఆ సంగతి ఆవిడకి తెలుసు. అయినా మాకు బాసీ పెట్టింది. అక్కడున్నన్నాళ్లూ బూట్ల చప్పుడు వినబడితే చాలు, నేను వెళ్లి గోనెసంచుల వెనక దూరేదాన్ని.

సమ్మె చివరికి ఆగిపోయింది. ముందే వెళ్లి చేరినవాళ్ల ఉద్యోగాలు నిలబడ్డాయి. నాన్న ఉద్యోగం పోయింది. చాలా కాలం పోయాక తిరిగి తీసుకున్నారు గాని, అప్పటిదాకా మేము చుట్టాల ఇళ్ల వరండాల్లో బతికాం. సూరమ్మ పెద్దమ్మ భర్తని తిరిగి తీసుకోలేదు. వాళ్లు కోర్బా బొగ్గు గనుల వైపు వెళ్లిపోయారు. పెదనాన్న అక్కడ లారీ తోలుతూనే పోయాడు. నేను చెప్పింది నిజం. రేడియో చెప్పింది నిజం కాదు. కాని అబద్ధాన్ని నమ్మినవాళ్లు తమ ఇళ్లలో ఉన్నారు, నా నిజాన్ని నమ్మినవాళ్లు వీధిలో పడ్డారు. ఆ వయసులో ఈ లెక్క ఎవరూ విడమర్చి చెప్పలేదు, నాకే తట్టింది. తట్టినప్పటి నుంచి వదల్లేదు. కాలేజీలో ఉండగా ఒక పెళ్లిలో పెద్దమ్మ కనబడితే నా మాట వల్లే మీకిలా అయిందా అని ధైర్యం చేసి అడిగాను. ఆవిడ నా వైపు వింతగా చూసింది. "నువ్వు సూసింది సెప్పావు. మేమేటి సేసామన్నది మా పని. దాన్ని నువ్వెందుకు మోస్తన్నావే?" అంది. ఆవిడ దించమన్నా నేను దించలేకపోయాను.

ఆ బరువుతోనే ఉద్యోగంలోకి వెళ్లాను. స్టూడియోలో ఎర్రదీపం వెలిగే ముందు ప్రతిసారీ నా గొంతు పోయేది. ఎవరికీ తెలియకుండా గోరువెచ్చని నీళ్లు గుక్కెడు పట్టి, మింగకుండా కాసేపు ఉంచుకునేదాన్ని. అవతల ఎక్కడో తలుపులేసుకుని వింటున్న ఆడవాళ్లు కనబడేవాళ్లు. వీళ్లు ఇది విని ఏం చేస్తారు? ఎవరిని రమ్మంటారు, ఎవరిని రావద్దంటారు? ఒకసారి ఏదో రైలు ప్రమాదం. బులెటిన్ నడుస్తుండగా చనిపోయినవాళ్ల సంఖ్య మార్చి కాగితం నా ముందుకి తోశారు. ఎవరు చెప్పారని సైగ చేశాను. చెవిలో ఎడిటర్ "చదువు, చదువు" అని అరుస్తున్నాడు. నేను "ఎంతమందో ఇంకా తెలియలేదు" అని చదివి ముందుకి పోయాను. బయటికొచ్చాక గోడకి ఆనుకుని కూర్చుండిపోయాను. ఆ తర్వాత చాన్నాళ్లు నాకు సాయంత్రం బులెటిన్ ఇవ్వలేదు. దాన్ని తర్వాతి వాళ్లు ధైర్యం కింద చెప్పుకున్నారు. నేను తెలియలేదన్నది ధైర్యంతో కాదు. తెలిసిందంటే ఏమవుతుందోనన్న భయంతో.

దయాల్‌బంద్ ఇంట్లో ఇప్పుడు బొగ్గు వాసన లేదు, పొగాకు వాసన లేదు. నేల తుడిచే మందు నిమ్మకాయ వాసన వేస్తుంది. యార్డు చప్పుడు ఇంతదూరం రాదు, వచ్చినా ఏసీ పెట్టుకున్న గదిలో వినబడదు. శ్వేత నన్ను చూసి పరిగెత్తుకొచ్చి పట్టుకుంది. దానికి తెలుగు మాట్లాడడం సగమే వచ్చు, చదవడం రాదు. ఇప్పుడు నేను రాస్తున్న దీన్ని కూడా నేనే చదివి వినిపించాలి. తమ్ముడు టీ కప్పు పట్టుకుని గుమ్మంలో నిలబడ్డాడు, నేను మొదలుపెడతానని.

"అత్తా, ఒక్కటి చెప్పు. సచ్ బతానా," అంది శ్వేత. "నీకెప్పుడూ డర్ లగ్‌లేదా?" నిజం చెప్పు, ఎప్పుడూ భయం వెయ్యలేదా అని.

"ఎప్పుడూ ఉంది. రైల్లో కూడా ఉంది. ఇప్పుడూ ఉంది."

తమ్ముడు కప్పు కింద పెట్టాడు. శ్వేత నా చేతులు పట్టుకుని చూసింది. అవి చల్లగానే ఉన్నాయి. "నాకు నా గురించి కాదు అత్తా. ఆవిడ గురించి, ఆ కాలినతని భార్య. ఫూల్‌బాయి. కెమెరా ముందు కూర్చోబెట్టింది నేను కదా. వాళ్లు ఆవిడ ఇంటికి కూడా వెళ్తే?"

ఆ మాట విన్నాక నేను దానికి ఏమి చెప్పాలని వచ్చానో మరిచిపోయాను. నా ఒంటిమీది భయం దాని ఒంటిమీద అచ్చంగా అలాగే ఉంది. ఎవరూ నేర్పలేదు, చెప్పలేదు.

మర్నాడు పొద్దున్న తమ్ముడు బజారుకి వెళ్లినప్పుడు గేటు చప్పుడైంది. ఆ ఇద్దరూ లోపలికొచ్చారు. శ్వేతని గదిలోనే ఉండమని నేను వెళ్లి తలుపు దగ్గర నిలబడ్డాను.  వాళ్లలో పెద్దవాడు నమస్తే పెట్టాడు. చాలా మర్యాదగా, హిందీలో, "ఆంటీ, అమ్మాయి మంచిది. చదువుకున్న పిల్ల. ఆ వీడియో తీసేస్తే అందరికీ బాగుంటుంది. రోజూ నది వంతెన మీదుగా ఒక్కతే వస్తుంది, ట్రాఫిక్ ఎక్కువ కదా, చెబుతున్నాం" అన్నాడు. ఇన్నేళ్లు ఈ దేశంలో ఇంటింటికీ వినబడిన గొంతు నాది. అతను నన్ను పోల్చుకోలేదు. పోల్చుకుంటాడని నేను అనుకున్నట్టున్నాను. అప్పుడు తెలిసింది నాకు, నా వెనక ఏ ఛానలూ, ఏ పేరూ లేవని.

నేను నోరు తెరిచాను. గొంతు వస్తుందో రాదో నాకు తెలియలేదు. వచ్చింది, సన్నగా. "మీ పేర్లు చెప్పండి. రాసుకుంటాను. మీరు ఎవరి తరపున వచ్చారో అదీ చెప్పండి" అన్నాను. వాళ్లు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. పేర్లు చెప్పలేదు. చిన్నవాడు నవ్వాడు. వెళ్లేటప్పుడు గేటు మూసి మరీ వెళ్లారు. నేను తలుపు గడియ పెట్టి అక్కడే నేలమీద కూర్చున్నాను.

తమ్ముడు రాగానే జరిగింది చెప్పాను. వాడు మొహం చేతుల్లో పెట్టుకున్నాడు. "ఇంక అడగడానికేటుంది? తీసీమను" అన్నాడు. "తీసెయ్యాలో వద్దో మనిద్దరం చెప్పేది కాదురా. మాట్లాడింది ఫూల్‌బాయి. ఆవిణ్నే అడుగుదాం" అన్నాను. వాడు నన్ను ఎగాదిగా చూసి, ఆటో వద్దని, తనే మమ్మల్ని కారులో తీసుకెళ్లాడు. దారంతా అద్దంలో వెనక్కి చూస్తూనే నడిపాడు.

తిఫ్రాలో లారీల అడ్డాల వెనక ఒక వరస గదులు. ఫూల్‌బాయి గుమ్మంలో కూర్చుని ఎవరిదో పిల్లకి జడ వేస్తోంది. శ్వేత ఏమీ దాచకుండా చెప్పింది. ఇద్దరు మనుషులొస్తున్నారనీ, బెదిరించారనీ, ఆవిడ ఒక్క మాట అంటే ఇప్పుడే తీసేస్తాననీ. ఆవిడ జడ ఆపలేదు. "నా దగ్గరికీ వచ్చారు" అంది ఛత్తీస్‌గఢీలో. "మీకెలా చెప్పాలో తెలియలేదు. భయపడతారని చెప్పలేదు." ఆ పిల్ల జడకి రిబ్బన్ కట్టి లేపి పంపేసింది. "మా ఆయన అక్కడ పని చెయ్యలేదంటున్నారు. మరి ఒళ్లెక్కడ కాలింది? రహన్ దే దీదీ. ఉండనీ." అన్నాక తలవంచుకుని, "భయం నాకు మాత్రం లేదనుకోకండి. తలుపు దగ్గరే పడుకుంటున్నాను" అంది.

ఉండనిచ్చాం. నాకు తెలిసిన ఒకరిద్దరు పాత మిత్రులకి ఫోన్ చేసి, పెద్ద పేపర్ల వాళ్లు ఆవిడ దగ్గరికి వచ్చేలా చూశాను. అంతమంది రావడంతో ఆమె భర్తని మంచి ఆసుపత్రికి మార్చారు. అతను తమ దగ్గర పని చేశాడని ఫ్యాక్టరీ వాళ్లు ఇప్పటికీ ఒప్పుకోలేదు. ఇంటి ముందు బండి రావడం ఆగింది. ఒక్కోరోజు వీధి చివర ఏదో మోటార్‌సైకిల్ కనబడుతుంది. వాళ్లదో, పాల కోసం వచ్చినవాళ్లదో తెలియదు.

నేను ఢిల్లీ వెళ్లలేదు. ఇంకా వెళ్లలేదు. అప్పట్లో నేను వీధుల్లో ఉన్నప్పుడు అమ్మ ఈ ఊళ్లో టీవీ ముందు ఎలా కూర్చునేదో నేనెప్పుడూ అడగలేదు. ఆవిడ చెప్పనూ లేదు. ఇప్పుడు శ్వేత స్కూటర్ తీసిన చప్పుడు సందు తిరిగి వినబడకుండా పోయేదాకా నేనూ తమ్ముడూ బాల్కనీలో నిలబడతాం. తర్వాత వాడు పేపరు పట్టుకుంటాడు గాని పేజీ తిప్పడు. వెళ్లేవాళ్ల భయం నాకు తెలుసు, దానికి చెయ్యడానికి పనుంటుంది. ఉండిపోయేవాళ్ల భయానికి పనేమీ లేదు, ఊరికే ఉండడమే. ఈ రోజు మధ్యాహ్నం ఇంక ఆగలేక ఫోన్ చేశాను. చాలాసేపు మోగాక ఎత్తింది. వెనకాల జనం, ఎవరో అరుస్తున్నారు. "అత్తా, నేను బాగానే ఉన్నా, లైవ్‌లో ఉన్నా, పెట్టేయ్ పెట్టేయ్" అంది.

పెట్టేశాను. తమ్ముడు "ఏటందప్పా?" అని అడిగాడు. అదన్నదే చెప్పాను, ఏమీ కలపకుండా.